మలిచూపు

ఏం ఉద్యోగం చేస్తున్నావమ్మా అని ఎవరైనా అడిగితే ఆమె "చుక్కలు చూస్తానండీ" అనేది. అడిగినవాళ్ళు నవ్వేవాళ్ళు. పట్టపగలే చుక్కలు కనబడేంత కష్టం ఏమొచ్చిందమ్మా అని ఒకరిద్దరు జాలిపడ్డారు కూడా. వివరించబోయి, సగంలో ఆపేసి, చివరికి ఆమె కూడా నవ్వేసి ఊరుకునేది. భర్త అచ్చాఫీసులో అక్షరాలు కూర్చే మనిషి. ఆయనకే పెళ్ళయిన చాలాకాలానికి గానీ ఆ పని ఏమిటో అర్థం కాలేదు. అర్థమయ్యాక, "నేను అక్షరాలు కూర్చుకుంటుంటే నువ్వు ఫుల్‌స్టాపులు ఏరుకుంటున్నావన్నమాట" అన్నాడు. అంతకన్నా బాగా ఎవరూ చెప్పలేదని ఆమె అభిప్రాయం.

పని అలాంటిదే మరి. అరచేయంత గాజు పలక. దాని మీద ఫొటో ఫిల్ముకు పూసే మందే, కాకపోతే మీగడలా మందంగా. అలాంటి పలకల్ని పెట్టెలో సర్ది, బెలూనుకు కట్టి, గాలి పలచబడిపోయే ఎత్తుకు పంపేవారు. అక్కడ ఆకాశంలోంచి దూసుకొచ్చే కణం పలకలోకి దూరి, ఏ పరమాణువు కేంద్రకానికో తగిలితే ఆ కేంద్రకం బద్దలయ్యేది. ముక్కలు తలో దిక్కూ పారిపోయేవి. పలకను కిందికి తెచ్చి రసాయనాల్లో కడిగితే, అవి పారిపోయిన దారులన్నీ నల్లటి గింజల వరుసలై తేలేవి. మైక్రోస్కోపులో చూస్తే నడుమ ఒక బొట్టు, చుట్టూ చేతులు. గదిలో అందరూ దాన్ని చుక్క అనేవారు. నెమ్మదిగా పోయిన ముక్కది లావు చేయి, వేగంగా పోయినదానిది సన్న చేయి. లావు చేతుల చుక్క ఎవరికైనా కనబడుతుంది. సన్న చేతుల చుక్క కావాలంటే కళ్ళల్లో వత్తులు వేసుకుని కూర్చోవాలి.

అందులో ఆమెను మించినవాళ్ళు లేరు. "డేగ" అని పేరు పెట్టింది ప్రొఫెసరు గారే. ఆ పేరు మెట్ల దగ్గర కాపలాదారు దాకా పాకి, అసలు పేరు జీతాల రోజున తప్ప ఎవరికీ గుర్తుకు రాకుండా పోయింది.

ఆమెను ఆ గదికి తెచ్చింది వదిన, అంటే భర్తకు అక్కగారు. వదిన ఆ గదిలో అందరికన్నా మొదట చేరిన మనిషి. భర్త పోయాక చిన్న ఉద్యోగమేదైనా దొరక్కపోతుందా అని వచ్చి, మొట్టమొదటి మైక్రోస్కోపు ముందు కూర్చుంది. తమ్ముడికి పెళ్ళయ్యాక, "ఇంట్లో కూర్చుని గోడలు చూసే బదులు నాతో వచ్చి పలకలు చూడవే" అని మరదల్ని లాక్కొచ్చింది. స్క్రూ ఎలా తిప్పాలో, మందంలో ఒక్కో పొరా దిగుతూ ఎలా వెతకాలో, గాజు మీది గీతకూ కణం పోయిన దారికీ తేడా ఏమిటో, దుమ్మును చూసి ఎలా మోసపోకూడదో అన్నీ వదినే నేర్పింది. తప్పు చేస్తే నెత్తిన మొట్టేది. "మా తమ్ముడు నిన్ను చూసే కళ్ళతో నువ్వు పలకను చూస్తే సరిపోదమ్మాయ్, అది గుడ్డిచూపు" అని గదంతా వినేలా ఆటపట్టించేది. ఇద్దరూ ఒకే ఇంట్లో, ఒకే బస్సులో, పక్కపక్క కుర్చీల్లో. ఒకరి డబ్బాలోది ఒకరు తినేవారు.

కొత్తవాళ్ళు ఎవరొచ్చినా ప్రొఫెసరు గారు ఒక కథ చెప్పేవారు. నిద్రలో లేపి అడిగినా ఆమె ఆ కథ ఒప్పజెప్పగలదు. వెనకటికి ఒక శాస్త్రవేత్త ఫొటో పలకకు నల్లకాగితం చుట్టి, దాని మీద యురేనియం లవణం పెట్టి, ఎండ రాలేదని సొరుగులో పడేశాడట. పెద్దగా ఏమీ ఉండదనుకుంటూనే కడిగి చూస్తే నల్లటి మచ్చ! కేంద్రక భౌతికశాస్త్రమంతా ఆ సొరుగులోంచే బయటపడింది. తర్వాతివాళ్ళు చీకటి గదుల్లో కూర్చుని, కణాలు తెర మీద పడి మెరిసే మెరుపుల్ని కంటితో లెక్కపెట్టారు. అప్పుడు రెండు ఊళ్ళ ప్రయోగశాలలకు తగువొచ్చింది. ఒకచోట కనబడ్డ మెరుపులు రెండోచోట కనబడవు. తీరా చూస్తే, మొదటిచోట లెక్కపెట్టేవాళ్ళకు ఏం కనబడాలో ముందే తెలుసు. చెప్పకుండా కూర్చోబెడితే ఆ మెరుపులు మాయమయ్యాయి.

"కంటికి అబద్ధం నేర్పడం చాలా తేలికమ్మా. అందుకే మన దగ్గర మలిచూపు" అని ముగించేవారు ఆయన.

ప్రతి పలకనూ ఇద్దరు చూడాలి. మొదటి ఆమెది తొలిచూపు, రెండో ఆమెది మలిచూపు. తొలిచూపు అన్న మాట వినగానే కొత్త అమ్మాయిలు కిసుక్కున నవ్వేవాళ్ళు, తర్వాత అలవాటు పడేవాళ్ళు. తొలిచూపు చూసినామె దొరికిన చుక్క దొరికినచోట గాజు వెనకవైపు సిరాతో చిన్న గుర్తు పెట్టుకుంటుంది. కాగితం మీద రాసుకున్నాక ఆ గుర్తుల్ని స్పిరిట్‌తో శుభ్రంగా తుడిచేసి పలకను రెండో ఆమెకు ఇవ్వాలి. ఇద్దరూ దాని గురించి మాట్లాడుకోకూడదు. ఒకామెకు దొరికి రెండో ఆమెకు దొరకనివి ఎన్నో చూసి, ఇద్దరికీ దొరక్కుండా పోయినవి ఎన్నో లెక్కలమ్మాయి అంచనా కట్టేది. లెక్కలమ్మాయి అంటే ప్రొఫెసరు గారి దగ్గర పరిశోధన చేస్తున్న చురుకైన పిల్ల. ఎప్పుడూ జడలో పెన్సిలు గుచ్చుకుని తిరిగేది. ఇద్దరి మధ్య తేడా ఉంటేనే తన లెక్క నడుస్తుందని, ఇద్దరూ అన్నింటికీ ఒకేమాట అంటే తను ఇంటికి పోవలసిందేనని ఆ పిల్ల అంటుండేది.

డబ్బు కథ ప్రొఫెసరు గారు విడిగా చెప్పేవారు, టీ తాగుతూ, గొంతు తగ్గించి. "సొరుగు రోజుల్లో శాస్త్రానికి పెద్ద ఖర్చేముందమ్మా? గాజు గొట్టాలు, మైనం, కాస్త ఓపిక. తర్వాత బాంబు పడింది. ఇక ఆ మర్నాటి నుంచీ 'అణు' అన్న రెండక్షరాలు అర్జీలో కనబడితే చాలు, అడిగింది అడిగినట్టు ఇచ్చారు. మనం బాంబులు చేయం, కరెంటు తీయం. అయినా ఆ రెండక్షరాలే మనకింత తిండి పెట్టాయి." తర్వాత ఊరంతేసి యంత్రాలు వచ్చాయి. ఆకాశం ఎప్పుడు విదిలిస్తుందా అని కనిపెట్టుకుని కూర్చోకుండా, కావలసిన కణాల్ని కావలసినప్పుడు తయారుచేసుకునే యంత్రాలు. డబ్బు అటు మళ్ళింది. బెలూన్లవాళ్ళు మాత్రం మూడేళ్ళకోసారి కమిటీ ముందు నిలబడి, మేమింకా పనికొస్తామని చెప్పుకోవలసి వచ్చేది. గదిలో ఆడవాళ్ళ ఉద్యోగాలు ప్రాజెక్టు ఉన్నన్నాళ్ళే. కమిటీ వచ్చే ముందు ఎవరి చూపు ఎంతో లెక్క తీసేవారు. కిందటిసారి ఒక పెద్దావిడను, పాపం, కళ్ళు మందగించాయని మర్యాదగా ఇంటికి పంపేశారు. వెళ్ళేటప్పుడు పూలగుచ్ఛం ఇచ్చారు. పింఛనుకు బదులు ఇచ్చింది అదే.

ఆవిడ వెళ్ళిన కొద్ది నెలలకు డేగకు గుండె జారిపోయే సంగతి ఒకటి తెలిసింది. తన కాగితమూ వదిన కాగితమూ పక్కపక్కన పెట్టుకుని లెక్కలమ్మాయి అడిగింది: "మీ వదిన గారికి ఈమధ్య సన్నవి అందడం లేదేంటండీ?"

ఆమె నవ్వి, "తలనొప్పిట" అంది. అప్పటికప్పుడు నోటికొచ్చిన మాట అది. ఇంటికెళ్ళాక వదినను గమనించింది. వదిన నలభై అయిదు దాటిన దగ్గర్నుంచీ చదవడానికి కళ్ళజోడు పెట్టుకునేది. ఆ రోజు కళ్ళజోడు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకుని, "ఏమిటోనే, అంతా మసగ్గా ఉంటోంది ఆఫీసులో" అంది. అని వెంటనే మాట మార్చేసింది. ఆ ఉద్యోగం పోతే వదినకు తమ్ముడి ఇంట్లో చోటూ తిండీ ఉంటాయి, సందేహం లేదు. కానీ తమ్ముడి ముందు చేయి చాచకుండా బతికిన మనిషి. ఆ ఒక్క సంగతి మీదే ఆమె తల ఎత్తుకు తిరిగేది.

మర్నాడు డేగ తన పలకను తుడిచింది. లావు చేతుల చుక్కల గుర్తులన్నీ తళతళలాడేలా తుడిచింది. సన్నవాటి దగ్గర మాత్రం గుడ్డ తేలిగ్గా ఆనించి వదిలేసింది. వెలుతురుకు ఎత్తి చూస్తే గాజు మీద ఈగ కాలంత మరక. వదిన పలక అందుకుంది, వెలుతురుకు ఎత్తింది, కాసేపు అలాగే పట్టుకుంది. మరదలి వైపు చూడలేదు. ఆ రోజు వదిన కాగితంలో సన్నవి ఒక్కటీ తప్పిపోలేదు.

అప్పటి నుంచి అదే వరస. చిన్నవాళ్ళది తొలిచూపు, పెద్దవాళ్ళది మలిచూపు అని గదిలో ఒక పద్ధతి ఉండనే ఉంది కాబట్టి ఎవరికీ అనుమానం రాలేదు. ఇద్దరూ ఆ సంగతి మీద ఒక్క మాట అనుకోలేదు. బస్సులో సినిమాల గురించి, ఇంటి అద్దె గురించి మాట్లాడుకునేవారు. ఇంట్లో కూడా మరదలు వదిన కళ్ళ మీదికి ఏ పనీ రానిచ్చేది కాదు. "ఇలా ఇవ్వు వదినా, నేను చూస్తా" అనేది. కంటికి రెప్పలా చూసుకుంటోందని ఇరుగుపొరుగు మెచ్చుకున్నారు.

మధ్యలో ఒకసారి ఇంకో ఊరి ప్రయోగశాల నుంచి వదినకు పిలుపొచ్చింది. కొత్త గది పెడుతున్నారు, అమ్మాయిలకు పని నేర్పే పెద్ద కావాలి. పర్మనెంటు ఉద్యోగం, ఉండటానికి ఇల్లు. ప్రొఫెసరు గారే సిఫారసు చేశారు. వదిన రెండు రోజులు ఆలోచించి, "ఈ కళ్ళతో ఎవరికి నేర్పుతానే" అని వద్దనేసింది. మరదలు అయ్యో అంది. నిజం చెప్పాలంటే లోపల్లోపల సంతోషించింది. వదిన లేని ఇంటిని ఆమె ఊహించుకోలేకపోయింది.

కమిటీ వచ్చే ఏడు రానే వచ్చింది. ఈసారి ప్రొఫెసరు గారు ఇల్లంత బెలూను అడిగారు. అర్జీలో మొదటి పేజీలోనే, మా గదిలో కళ్ళు నూటికి తొంభై తొమ్మిది పట్టుకుంటాయి, మా దగ్గర తప్పిపోయేవి లేనట్టే అని రాశారు. వదినా మరదళ్ళ పలకల నుంచి తీసిన అంకె అది. లెక్కలమ్మాయికి అది అంతగా మింగుడు పడలేదు గానీ, మంచి అంకెను కాదనే ధైర్యం ఆ వయసులో ఎవరికుంటుంది?

కమిటీలో అయిదుగురు. నలుగురు బెలూను ధర గురించే మాట్లాడారు. అయిదో ఆయన చెవి మిషను పెట్టుకున్న ముసలాయన. కుర్రతనంలో చీకటి గదిలో కూర్చుని మెరుపులు లెక్కపెట్టినవాడట. ఆయన ఆ అంకె మీద వేలు పెట్టి, "ఇద్దరు మనుషులు ఇంత చక్కగా కలిసిపోవడం నేను పెళ్ళి ఫొటోల్లో తప్ప చూడలేదండీ. ఎవరు వీళ్ళు?" అన్నాడు.

"వదినా మరదళ్ళు" అన్నారు ప్రొఫెసరు గారు, సంబరంగా.

"అయితే మరీ వింత" అన్నాడు ముసలాయన. అందరూ నవ్వారు. ఆయన నవ్వలేదు. ఎవరూ చూడని పలక ఒకటి తెప్పించమన్నాడు. తొలిచూపయ్యాక తుడిచే పని లెక్కలమ్మాయిది. మలిచూపు పక్కగదిలో. ఆ మధ్యలో ఇద్దరూ కలవకూడదు.

డేగ తన కుర్చీలో కూర్చుంది. పలకలో చుక్కలు ఒక్కొక్కటే కనబడుతున్నాయి. లావువి, సన్నవి, అన్నీ. వదిన దగ్గరికి ఈసారి మరక వెళ్ళదు. సన్నవి తను రాసి వదిన రాయకపోతే, ఈ పూటతో వదిన ఉద్యోగం సరి. ఆలోచించగా ఆలోచించగా ఒకటే దారి తోచింది. వదినకు కనబడనివి తనకూ కనబడకూడదు. లావు చేతులవి పదకొండు రాసింది. సన్నవాటి మీదుగా స్క్రూ తిప్పుకుంటూ, చూసీ చూడనట్టు వెళ్ళిపోయింది. అంత కష్టమైన పని ఆమె ఆ గదిలో ఎప్పుడూ చేయలేదు.

పక్కగదిలో ఉన్నది ఒకే ఒక్క మైక్రోస్కోపు. ఎవరో దాత ఇచ్చినది. ఆయన పేరు చెక్కిన ఇత్తడి రేకు దాని కాలికి బిగించి ఉంటుంది. చూడటానికొచ్చిన పెద్దమనుషులకు చూపించడానికే దాన్ని వాడేవారు, మిగతా రోజుల్లో గుడ్డ కప్పి ఉంచేవారు. పలకలు చూసే ఆడవాళ్ళకు ఎవరి మైక్రోస్కోపు వారిదే, ఎవరి పళ్ళబ్రష్షు వారిదైనట్టు. అందుకని వదిన ఇన్నేళ్ళలో దాని ముందు కూర్చోనే లేదు. ఇప్పుడు కూర్చుంది.

చాలాసేపటికి వదిన కాగితం వచ్చింది. లెక్కలమ్మాయి రెండూ పక్కపక్కన పెట్టి చూసి, జడలోంచి పెన్సిలు లాగి, మళ్ళీ మొదటి నుంచీ చూసింది. డేగవి పదకొండు. వదినవి పంతొమ్మిది. పంతొమ్మిదీ నిజమైనవే.

ప్రొఫెసరు గారి మొహం మాడిపోయింది. ముసలాయన మెల్లగా, "ఒంట్లో బాగాలేదామ్మా?" అని డేగను అడిగాడు.

వదిన వచ్చి కాగితాల మీదికి వంగింది. మరదలు వదిలేసినవి ఏవో చూసింది. ఎనిమిదీ సన్న చేతులవే. ఆమెకు అర్థం కావడానికి ఆట్టే సేపు పట్టలేదు.

"దీనికి ఇవి కనబడకపోవడమేమిటండీ, గుడ్డిదీపంలో కూడా చూస్తుంది. నాకు కనబడవని వదిలేసింది. ఇన్నాళ్ళూ నా కోసం మరకలు వదిలింది. తెలిసే నేను తీసుకున్నాను. నాకు కళ్ళు పోయాయనుకున్నాం ఇద్దరం" అంది. కళ్ళు పోలేదని ఆమెకు అప్పుడే, ఆ మాట అంటుండగానే, తట్టింది.

లెక్కలమ్మాయి పరుగున వెళ్ళి వదిన పాత మైక్రోస్కోపు ముందు కూర్చుంది. కటకం ఊడదీసి కిటికీ వెలుతురుకు పెట్టింది. రెండు గాజుల్ని అతికించిన జిగురు విడిపోయి, లోపల పాలపొర కట్టి ఉంది.

"ఎన్నాళ్ళ నుంచి?" అన్నారు ప్రొఫెసరు గారు. ఎవరికి తెలుసు? తప్పిపోయినవి తప్పిపోయినట్టు కాగితం మీదికి వచ్చి ఉంటే, మొదటి నెలలోనే ఎవరో ఒకరు ఆ కటకాన్ని ఊడదీసి చూసేవారు.

"ఇల్లంత బెలూను అడిగారు. బొటనవేలంత కటకం అడగలేదేం?" అన్నాడు ముసలాయన.

ప్రొఫెసరు గారికి ఒళ్ళు మండింది. "కటకానికి ఎవరిస్తారండీ డబ్బు? బెలూనుకైతే ఇస్తారు. ఫొటో బాగా వస్తుంది. పాత సామాను బాగుచేయించుకోవాలని మూడుసార్లు రాశాను. కొత్త సామానుకే గ్రాంటు అన్నారు, మీ కమిటీవాళ్ళే." ఆ మాటకు మిగతా నలుగురూ తమ ఫైళ్ళలోకి చూసుకున్నారు. ప్రొఫెసరు గారిని తప్పుపట్టడానికీ లేదు. ఎండమావుల వెంట పరిగెత్తమని జీతమిచ్చి, చెప్పులు మాత్రం సొంతవి తెచ్చుకోమనే వ్యవహారం అది.

బెలూను రాలేదు. ఒక ఏడాదికి మాత్రం డబ్బిచ్చారు, మూడేళ్ళ పలకలన్నీ మళ్ళీ చూసి సరైన లెక్క చెప్పమన్నారు. కొత్త కటకం వచ్చింది. డేగను తీసేయలేదు. అన్ని పలకలు చూడటానికి ఆ కళ్ళు కావాలి కదా. కానీ ఆ రోజు తర్వాత ఎవరూ ఆమెను డేగ అనలేదు. ఏమని పిలవాలో తెలియక కొన్నాళ్ళు ఏమండీ అన్నారు.

ఇంటికెళ్ళే బస్సులో వదిన కిటికీ పక్కన కూర్చుంది. దారి పొడవునా దుకాణాల మీద పేర్లు చదువుతోంది, పెదవులు కదుపుతూ. కళ్ళజోడు ఒళ్ళో ఉంది. దిగేటప్పుడు ఒకటే అడిగింది: "ఆ ఊళ్ళో ఉద్యోగం ఇంకా ఖాళీగా ఉందేమో రేపు కనుక్కుంటావా?"

మరదలు కనుక్కుంది. ప్రొఫెసరు గారు ఫోను చేసి మాట్లాడారు. ఆ చోటికి కిందటి ఏడే ఎవరినో తీసుకున్నారు. ఇంకో చోటు వచ్చే అవకాశమూ లేదు, అక్కడ కూడా డబ్బు యంత్రాలవైపు పోతోందట. ఈ మాట ఇంటికి మోసుకెళ్ళడం ఆమె వంతయింది.

వదిన వంటగదిలో బల్ల దగ్గర కూర్చుని విన్నది. కోప్పడుతుందని మరదలు ఎదురుచూసింది. నెత్తిన ఒకటి మొడితే బావుణ్ణనుకుంది. వదిన మొట్టలేదు.

"నీ మీద కోపం లేదే. నీ చోట నేనున్నా అదే చేసేదాన్నేమో" అంది. "కానీ నాకు కనబడటం లేదు అని ఆ రోజు నన్ను అననిచ్చి ఉండాల్సింది. ఎందుకు కనబడటం లేదు అని ఎవరో ఒకరు అడిగేవాళ్ళు. నువ్వు అడగలేదు. నాకు కూడా అడగబుద్ధి కాకుండా చేశావు. మూడేళ్ళు ముసలిదానిలా బతికాను" అంది.

మరదలు వదిన బతుకు నిలబెడుతున్నాననుకుంది. నిలబెట్టింది కూడా. అయినా ఆమె బతుకులోంచి మూడేళ్ళూ ఒక ఇల్లూ ఒక ఉద్యోగమూ తన చేతులతోనే తీసేసింది. ఆమెకు ఏడుపు ఆగలేదు. వదిన ఓదార్చలేదు. ఎదురుగా అలాగే కూర్చుని, ఆమె ఏడుపు అయ్యేదాకా ఆమెనే చూస్తూ ఉంది.